చంద్రలోకమున పాట వినబడునా?

బాలబాలికలకు చలనచిత్రములు చూపుట మేలా, కీడా అను ప్రశ్న పోషకుల సమావేశములలో ఏటేట వచ్చుచునే యున్నది. ఒక్కమాటలో దీనికి సమాధానము చెప్పుట కుదరదు. ఏ చిత్రము, ఎవరి ప్రక్కన కూర్చుండి, ఏ భాషలో మాటలాడుకొనుచు అని విచారించిన పిమ్మటగాని మంచిచెడ్డలు తేలవు. కావున సినిమాలనన్నిటిని ఒక్క గాటను కట్టక, ఒక్క చిత్రమును మాత్రము తీసికొని ఈ వ్యాసములో విప్పి చెప్పుటకు పూనుకొనుచున్నాను. అది సంగీతమును, అంతరిక్షయాత్రను కలిపి అల్లిన బొమ్మల చిత్రము; పేరు ‘ఓవర్ ది మూన్’. మన బ్రూక్‌ఫీల్డ్ పిల్లలలో పలువురు దీనిని ఇంటిలోని టీవీలలోను, పెద్దల ఫోనులలోను ఇదివరకే చూచియున్నారు. చూచి వచ్చి తరగతిలో వారు అడిగిన ప్రశ్నలే ఈ వ్యాసమునకు కారణము.

అవే ప్రశ్నలు వారు ఇంటియొద్దను అడుగుదురు. అప్పుడు తల్లిగాని తండ్రిగాని తెలుగులో బదులు చెప్పగలిగి యుండవలెను. ఈ ఊరిలో మన పిల్లలు ఇంటిలో తెలుగు, వీధిలో కన్నడము, ఫోనులో ఇంగ్లీషు వినుచు పెరుగుచున్నారు. అది చెడుగు కాదు. మూడు భాషలు వచ్చిన పిల్లవాడు అదృష్టవంతుడే. కాని చంద్రుడు, శూన్యము, శబ్దము మున్నగునవి ఇంగ్లీషులోనే తెలిసికొనవలసిన విషయములని వాని మనసున ఒకసారి నాటుకొన్నచో, తెలుగు వంటయింటి పనులకును, పండుగ పలకరింపులకును మాత్రమే మిగిలిపోవును. మన సంఘము పాఠశాలను నడుపుచున్నది అందులకు కాదు గదా!

చిత్రము 2020 అక్టోబరులో వెలువడెను. అవి కరోనా దినములు. బడులు మూతపడి పిల్లలు ఇండ్లలోనే యుండిరి. నెట్‌ఫ్లిక్స్ ద్వారా చిత్రము నేరుగా ఇండ్లలోనికే వచ్చెను. దర్శకుడు గ్లెన్ కీన్ అను అమెరికా చిత్రకారుడు. 1989లో డిస్నీవారు తీసిన ‘లిటిల్ మెర్‌మెయిడ్’ చిత్రములోని మత్స్యకన్యను బొమ్మగా గీసి నడిపించినది ఈయనయే. షాంఘై నగరములోని పెర్ల్ స్టూడియో ఈ నిర్మాణములో భాగస్వామి. కథ చైనీయులది, దర్శకుడు అమెరికావాడు, చూచువారు మారతహళ్లిలోను, గుంటూరులోను కూడ కలరు. కాలమట్లున్నది.

ఇక కథ. ఫే ఫే అను బాలిక తలిదండ్రులు చైనాలో ఒక చిన్న ఊర పండుగ భక్ష్యములు చేసి అమ్ముకొని జీవించువారు. శరత్కాలపు పూర్ణిమనాడు చైనీయులు చంద్రుని పండుగ చేసికొందురు. మన భాద్రపదమందో ఆశ్వయుజమందో వచ్చు పూర్ణిమ యది. ఆనాడు చంద్రబింబమువలె గుండ్రని భక్ష్యములు పంచుకొందురు. ఆ పనుల నడుమ తల్లి కూతునకు చాంగే దేవత కథ చెప్పును. చాంగే అమరత్వమిచ్చు ఔషధమును త్రావి చంద్రునికి ఎగిరిపోయి, భూమిపై మిగిలిపోయిన తన ప్రియుడు హౌయీ కొఱకు నేటికిని కనిపెట్టుకొని యున్నదట. కొంతకాలమునకు తల్లి జబ్బుపడి మరణించును. నాలుగేండ్లు గడచిన పిమ్మట తండ్రి మరియొక స్త్రీని పెండ్లాడ నిశ్చయించును. ఆమెకు చిన్ అను ఎనిమిదేండ్ల కొడుకు కలడు. నాన్న అమ్మను మరచుటకు సిద్ధపడెనని ఫే ఫే మనసు విరిగిపోవును. చాంగే నిజముగా నున్నదని, ఎడబాటు ఎంత దీర్ఘమైనను ప్రేమ చావదని రుజువు చేసినచో తండ్రి పెండ్లి మానుకొనునని తలచి, తానే రాకెట్టు కట్టుకొని చంద్రునికి బయలుదేరును. చిన్ అందులో దాగియుండును. రాకెట్టు తడబడి పడిపోవుచుండగా ఏదో వెలుగు వారిని చంద్రునిమీదికి లాగికొని పోవును. అచ్చట కనబడిన చాంగే అమ్మ చెప్పిన కరుణామూర్తి కాదు; దీపాల తళుకుల నడుమ ఆడిపాడు గర్విష్ఠియైన రాణి. తనకు రావలసిన కానుక యేదో తెచ్చి యిమ్మని ఆమె పట్టుపట్టును. అది వెదకుటయే తక్కిన సాహసము.

ఈ కథలో మన తల్లులు గమనింపదగిన అంశమొకటి కలదు. పిల్ల రాకెట్టు కట్టుటకు మూలమేది? ఒక పుస్తకము కాదు, పోటీ పరీక్ష కాదు. భక్ష్యములు చేయుచు తల్లి చెప్పిన కథ. కట్టుకథలు చెప్పినచో పిల్లలకు శాస్త్రబుద్ధి కుంటుపడునని కొందరు భయపడుదురు. చిత్రములోని బాలిక కథను నమ్మినందుననే లెక్కలు వేసెను, నమూనాలు చేసెను, చెడగొట్టుకొని మరల చేసెను. మన ఇండ్లలోను గోరుముద్దలు తినిపించుచు చందమామను చూపని తల్లి ఒకప్పుడు లేదు. చైనీయులకు చంద్రునిలో విరహిణి కనబడినది. మనకు మేనమామ కనబడినాడు. తల్లికి తోడబుట్టినవాడు గనుక పిలువగానే వచ్చును, రాకున్నను అలుగడు. ఇంతటి చనువు గల చంద్రుడు ఎన్ని భాషలవారికి దొరకెనో!

ఇంకొక చుట్టరికము కుందేలు. చిత్రములో ఫే ఫే పెంచుకొను కుందేలు ఒకటి, చంద్రునిమీద మందు నూరుచుండు పచ్చల కుందేలు ఒకటి కలవు. చైనీయుల కథలో ఆ కుందేలు అతి ప్రాచీనము. మనకు చంద్రుడు శశాంకుడు, శశధరుడు, శశి. శశమనగా కుందేలే. అతిథికి పెట్టుటకు మరేమియు లేక తన దేహమునే అర్పింప నిప్పులలో దూకిన కుందేలు రూపమును ఇంద్రుడు చంద్రునిపై చిత్రించెనని బౌద్ధజాతక కథ చెప్పుచున్నది. పిల్లవాడు ‘చందమామలో కుందేలెందుకున్నది?’ అని అడిగినచో ఇది చైనావారి వింత అని త్రోసివేయక, శశాంక శబ్దమును చూపవచ్చును. ఆ మచ్చలు నిజమునకు చల్లబడిన లావా మైదానములని పిమ్మట చెప్పవచ్చును. రెండును తెలిసిన పిల్లవానికి నష్టమేమియు లేదు. చైనా శాస్త్రజ్ఞులే తమ చంద్రనౌకలకు చాంగే అని పేరు పెట్టుకొనిరి. 2013 డిసెంబరులో చంద్రునిపై దిగిన వారి చిన్న బండి పేరు యూటూ, అనగా పచ్చల కుందేలు.

రాకెట్టు విషయమున చిత్రము కొంత నిజము, కొంత కల్ల. పట్టాలను తాకక అయస్కాంతబలముపై తేలుచు పరుగెత్తు రైలును చూచి ఫే ఫేకు ఉపాయము తోచును. అటువంటి రైలు షాంఘైలో నిజముగా కలదు. అది గంటకు 431 కిలోమీటర్ల వేగముతో నడచిన దినములు కలవు. కాని భూమి ఆకర్షణను పూర్తిగా త్రెంచుకొని పోవలెనన్నచో సెకనుకు 11.2 కిలోమీటర్ల వేగము కావలెను. గంటకు లెక్కించినచో 40,000 కిలోమీటర్లకు పైమాటే. ఆ రైలు వేగమునకు ఇది తొంబది రెట్లు మించినది. ఏడవ తరగతి పిల్లలు ఈ భాగహారమును స్వయముగా చేయగలరు, చేయింపుడు.

నిజమైన భాగము చిన్ దాగియుండుట. ఒక పిల్లవాని బరువుచే రాకెట్టు తారుమారగుట హాస్యమని పిల్లలు నవ్వుదురు గాని, రాకెట్టు విద్యలో అంతకుమించిన సత్యము లేదు. 2023 జులై 14న శ్రీహరికోటనుండి చంద్రయాన్-3ను మోసికొని లేచిన ఎల్‌వీఎం3 రాకెట్టు బరువు సుమారు 640 టన్నులు. అది మోసినదో, నాలుగు టన్నులకు కొంచెము తక్కువ. అందులో చంద్రునిపై తిరిగిన ప్రజ్ఞాన్ బండి బరువు 26 కిలోలు మాత్రమే. మన రెండవ, మూడవ తరగతి పిల్లవాని బరువు. చెప్పక ఎక్కిన ఎనిమిదేండ్ల బాలుడు రాకెట్టుకు ఎంతటి బరువో దీనివలన తెలియును.

ఇప్పుడు అసలు ప్రశ్నకు వత్తము. చిత్రములో చంద్రునిమీద పాటలే పాటలు. దేవత పాడును, పిల్లలు పాడుదురు, కప్పలు కూడ వాద్యములు మ్రోయునట్లు గెంతును. ‘అక్కడ గాలి లేదు గదా, పాట ఎట్లు వినబడును?’ అని ఆరవ తరగతి బాలిక ఒకతె అడిగినది. ఈ ప్రశ్న అడుగుటకే ఆ చిత్రము చూడవచ్చునని నేనందును.

శబ్దమనగా కదలిక. మద్దెలమీద చేయి వేసినచో చర్మము అదరును. ఆ అదురు ప్రక్కనున్న గాలిని నెట్టును, ఆ గాలి దాని ప్రక్కగాలిని నెట్టును. జాతరలో గుంపు చివరనున్నవాడు నెట్టిన నెట్టుడు ముందువరుసవానికి తగిలినట్లే, మనిషి కదలకయే నెట్టుడు మాత్రము ప్రయాణము చేయును. అది మన చెవిలోని పొరను తాకినప్పుడు వినికిడి కలుగును. గాలిలో ఈ ప్రయాణవేగము సెకనుకు సుమారు 340 మీటర్లు. మధ్య గాలియే లేకపోయినచో నెట్టుటకు ఎవరును లేరు. ఇంగ్లండులో రాబర్ట్ బాయిల్ గాజుపాత్రలోని గాలిని పంపుతో తోడివేసి, లోపలి ధ్వని క్రమముగా అణగిపోవుటను పరిశీలించి 1660లో ప్రకటించెను. గంట కదలుట కన్నులకు కనబడును, చెవికి వినబడదు. చంద్రునిమీద వాతావరణము లేదనదగినంత పలుచన. కావున అచ్చట ఎంత గొప్ప గాయకుడు పాడినను ప్రక్కవానికి పెదవులు కదలుట మాత్రమే కనబడును. అచ్చటికి పోయిన మానవులు తలతొడుగులలోని రేడియోల ద్వారా మాటలాడుకొనిరి. రేడియో తరంగములకు గాలితో పనిలేదు. అవి కాంతితో సమానముగా పరుగెత్తును. సగటున 3,84,400 కిలోమీటర్ల దూరమును దాటుటకు వానికి సెకను పైచిల్లర చాలును.

అయితే చంద్రుడు పూర్తిగా మూగవాడును కాడు. శబ్దము గాలిలోనే గాక నీటిలోను, నేలలోను ప్రయాణము చేయును. పిల్లవానిని భోజనపు బల్లకు చెవి ఆనించుమని, మీరు ఆ చివర గోటితో గీరి చూడుడు; గాలిలో వినబడనిది కొయ్యలో స్పష్టముగా వినబడును. 2023 ఆగస్టు 23న చంద్రునిపై దిగిన మన విక్రమ్ నౌకలో ఇల్సా అను పరికరము కలదు. అది బెంగళూరులోని ఇస్రో ప్రయోగశాలలో తయారైనది. చంద్రుని నేలకు ‘చెవి ఆనించి’ కూర్చుండుట దాని పని. ప్రజ్ఞాన్ బండి నడచినప్పటి అదురును అది నమోదు చేసెను. ఆగస్టు 26న సహజమైనదిగా తోచిన మరియొక అదురును కూడ పట్టెను.

శబ్దమునకు చంద్రయాత్రతో ఇంతకన్న దగ్గరి సంబంధము మన ఇండ్లకు కొలది కిలోమీటర్ల దూరముననే కలదు. బ్రూక్‌ఫీల్డ్ నుండి కుందలహళ్లి, మారతహళ్లి దాటి పాత విమానాశ్రయపు రోడ్డు పట్టి పోయినచో విమానపురమున యు. ఆర్. రావు ఉపగ్రహ కేంద్రము వచ్చును. మన బస్సులు దాని ముందునుండియే పోవును. 2023 మార్చి మొదటి వారములో ఆ కేంద్రమున చంద్రయాన్-3కు కంపన పరీక్షలును, ధ్వని పరీక్షలును జరిపిరి. నిశ్శబ్దలోకమునకు పోవు నౌకకు ధ్వనిపరీక్ష ఎందుకని అడుగవచ్చును. రాకెట్టు లేచునపుడు గాలి యుండును గదా. దాని యింజనుల ఘోష గాలిలో ఎంత బలముగా కొట్టునన్నచో, లోపలి సున్నితమైన పరికరముల అతుకులు ఊడిపోవచ్చును. కాబట్టి అంతటి హోరును ముందే భూమిపై పుట్టించి, నౌక తట్టుకొనునో లేదో చూతురు. చంద్రునికి పోవువారు మొదట శబ్దపు పరీక్షలో నెగ్గవలెనన్నమాట. చిత్రములో ఫే ఫే ఈ పరీక్ష చేయలేదు!

ఇంతకును అంతరిక్షములో ఎవరును వాద్యము వాయింపలేదా? వాయించిరి. 1965 డిసెంబరు 16న అమెరికావారి జెమినై-6 నౌకలోని షిరా, స్టాఫర్డ్ అను యాత్రికులు తమ సామానులలో దాచి తీసికొనిపోయిన చిన్న మౌతార్గానును, మువ్వలను వాయించి క్రిస్మసు పాట వినిపించిరి. నౌక లోపల గాలి యున్నది గనుక అది సాధ్యపడెను. అడుగు బయటనో, మౌనమే.

1977లో ఎగిరిన వాయేజర్ నౌకలు రెంటిలోను బంగారుపూత పూసిన రాగి గ్రామఫోను పళ్లెములను ఉంచిరి. అందులో లోకములోని పలు సంగీతముల నడుమ కేసర్‌బాయి కేర్కర్ గారు పాడిన హిందుస్తానీ భైరవి కలదు; మన కర్ణాటక సంగీతములో తోడి స్వరములతో పోలిక గల రాగమది. 55 భాషలలో శుభాకాంక్షలు కలవు. వానిలో తెలుగు ఒకటి, కన్నడము ఒకటి. నమస్కారము చెప్పి, తెలుగు మాటలాడు జనులనుండి శుభాకాంక్షలు తెలుపు ఒక గొంతు వాయేజర్-1తోపాటు సూర్యుని ప్రభావమండలమును 2012లో దాటిపోయి, ఇప్పుడు మనకు 2400 కోట్ల కిలోమీటర్లకు మించిన దూరమున నున్నది. దానితోపాటే కన్నడపు గొంతు. అచ్చటను గాలి లేదు. పళ్లెము తిరుగదు, పాట వినబడదు. ఎవరైన దానిని దొరకబుచ్చుకొని, గాలి యున్న చోటికి చేర్చి, ముల్లు పెట్టి త్రిప్పిననాడు తెలుగు వినబడును. ఈ సంగతి మన పిల్లలకు ఏ తరగతిలో చెప్పినను కన్నులు విప్పార్చి వినుచున్నారు.

చిత్రమును తయారుచేయు పద్ధతిని గూర్చియు కొంత చెప్పవలెను. బొమ్మల చిత్రములో సెకనుకు 24 బొమ్మలు మారును. గంటన్నర చిత్రమునకు లెక్కించినచో లక్షా ముప్పది వేల బొమ్మలకు కొంచెము తక్కువ. పూర్వము ప్రతి బొమ్మను చేతితో గీసెడివారు. ఇప్పుడు కంప్యూటరులో ఒకసారి శిల్పమువలె మలచిన రూపమును త్రిప్పి కదలించుచున్నారు. కాని ఏ క్షణమున కనుబొమ ఎంత ముడిపడవలెనో నిర్ణయించువాడు మనిషియే. పాటలలో విశేషమేమనగా, గొంతు ముందు, బొమ్మ వెనుక. పాట రికార్డు అయిన పిమ్మట ఆ గాయని ఊపిరి ఎచ్చట తీసినదో, ఏ అక్షరమున గొంతు వణకినదో విని, దానికి తగినట్లు బొమ్మ ముఖమును కదలింతురు. మన తెలుగు చిత్రములలోను పాటను ముందు రికార్డు చేసి పిమ్మట నటులచే పెదవులు కదలింపజేయుట వాడుకయే గనుక పెద్దలకు ఇది క్రొత్త గాదు.

తెలుగువారికి ఈ విద్య దూరమైనదియును కాదు. ‘చందమామ’ మాసపత్రికను 1947 జులైలో మద్రాసున ప్రారంభించిన నాగిరెడ్డి, చక్రపాణి గార్లే 1957లో ‘మాయాబజార్’ నిర్మించిరి. అందులో లడ్డూలు తమంత తామే ఎగిరి ఘటోత్కచుని నోటిలో పడుటయు, నౌకావిహారపు పాటలో మార్కస్ బార్ట్‌లీ గారు కెమెరా నేర్పుతో కురిపించిన వెన్నెలయు కంప్యూటర్లు లేని నాటి పనులు. దర్శకులు కె. వి. రెడ్డి గారికి అప్పుడు సహాయకులుగా నుండిన సింగీతం శ్రీనివాసరావు గారు 1987లో మాటలే లేని ‘పుష్పక విమానము’ను ఇదే బెంగళూరులో తీసిరి, 1991లో ‘ఆదిత్య 369’లో కాలయంత్రమును తెలుగు తెరకు తెచ్చిరి, 2008లో ఆ ఘటోత్కచునే బాలునిగా చేసి పూర్తి బొమ్మల చిత్రము తీసిరి. ఏబదియొక్క సంవత్సరముల వ్యవధిలో ఒకే పాత్ర మనిషిగా వచ్చి బొమ్మగా మారినది. ఈ పరంపరను ఎరిగిన పిల్లవాడు బొమ్మల చిత్రమనగానే అది పరదేశపు సరకని అనుకొనడు.

మరి చంద్రయాత్ర పాటల చిత్రము తెలుగు గొంతుతో ఏల ఎక్కువగా రాదు? మాటలను మార్చుట సులభము, పాటను మార్చుట కష్టము. ఇంగ్లీషులో ‘మూన్’ ఒక్క అక్షరపు దెబ్బ. మన ‘చందమామ’ నాలుగు అక్షరములు. ‘మూన్’ అనునపుడు మొట్టమొదటనే పెదవులు మూతపడును. ‘చందమామ’లో మూడవ అక్షరమునగాని మూతపడవు. బొమ్మ పెదవులు ఒకటి చెప్పుచుండ చెవి మరియొకటి వినును. అయినను తెలుగునకు ఒక గొప్ప అనుకూలము కలదు. మన మాటల చివర అచ్చు ఉండును. అచ్చును ఊపిరి యున్నంతవరకు సాగదీయవచ్చును. పాటకు ఇంతకన్న కావలసినదేమి? నేర్పరియైన కవి కూర్చుండినచో ఈ చిక్కు విడదీయలేనిది కాదు. మన ఎనిమిదవ తరగతి పిల్లలకు ఈ చిత్రములోని ఒక పాట వరుసకు తెలుగు మాటలు కట్టుడని ఇచ్చితిమి. మూడు పంక్తులకే చెమటలు పట్టినవి. కాని ఆ వారమంతయు వారు ఛందస్సు పాఠమును ఎన్నడును లేని శ్రద్ధతో వినిరి.

చిత్రములో నాకు నచ్చనిదియు కలదు. చంద్రలోకము చేరిన తరువాత చాలసేపు రంగులు, పరుగులు, కేకలు. దేవత మొదటి పాట దుకాణముల దీపాలవలె మిరుమిట్లు గొలుపును గాని మనసున నిలువదు. చిన్నపిల్లలు ఆ భాగమునకే కేరింతలు కొట్టుదురని తెలియును. అయినను చిత్రమునకు ప్రాణము అచ్చట లేదు. తల్లి మెల్లగా పాడిన చిన్న పాటలో నున్నది. ఆ వరుస తల్లి పోయిన తరువాత కూతురి గొంతులో మరల వచ్చునపుడు ఐదవ తరగతి పిల్లలు సైతము నిశ్శబ్దముగా వినిరి.

ఈ కథను వ్రాసిన ఆడ్రీ వెల్స్ అను రచయిత్రి కాన్సరు వ్యాధితో 2018లో మరణించినది. చిత్రము పూర్తి కాకముందే. దానిని ఆమెకు అంకితము చేసిరి. ఇది తెలిసి చూచినచో తల్లి పాత్ర మాటలు వేరు విధముగా వినబడును. కథ చివర చాంగేకు తన ప్రియుడు ఒక్క క్షణము కనబడి మాయమగును. ఆమె శోకములో మునిగి చంద్రలోకమంతయు చీకటియగును. ఆమెను ఓదార్పబోయిన ఫే ఫే, తన దుఃఖమును కూడ అప్పుడే మొదటిసారి బయటపెట్టును. అమ్మ తిరిగి రాదు; నాన్న మరల నవ్వినంత మాత్రమున అమ్మను మరచినట్లు కాదు. ఆ రెండు మాటలు అంగీకరించుటకు ఆ పిల్ల చంద్రునివరకు పోయి రావలసి వచ్చెను.

2021 వేసవి తరువాత మన తరగతులలోను తల్లినో, తండ్రినో, తాతనో పోగొట్టుకొన్న పిల్లలు కొందరు కూర్చుండియున్నారు. మన ఇండ్లలో పెద్దలకు ఒక అలవాటు కలదు. పిల్లవాని ఎదుట చనిపోయినవారి పేరెత్తరు. ‘దేవుని దగ్గరకు పోయినది’ అని చెప్పి మాట మార్తురు. అది ప్రేమతో చేయు పనియే. కాని పెద్దలు మాట మార్చుటను చూచిన పిల్లవాడు తానును ఆ మాట ఎత్తరాదని గ్రహించి, నోరు మూసికొనును. తరగతిలో వాడు అల్లరి చేయడు, ఏడ్వడు, వ్రాయడు. అట్టివాని నోటినుండి మొదటి మాట వచ్చుటకు ఒక బొమ్మ కథ సాయపడినచో, గంటన్నర కాలము వ్యర్థమైనట్లు కాదు. ఆ మాట ఏ భాషలో వచ్చును? తల్లి ఏ భాషలో పిలిచెడిదో ఆ భాషలోనే వచ్చును. అందుకు బదులు పలుకవలసినవారు ఇంటిలోని పెద్దలే. అది ఉపాధ్యాయుని వలన తీరునది కాదు.

చూపదలచినవారికి రెండు మాటలు. చిత్రమును ఏ భాషలో పెట్టినను, నడుమ నడుమ ఆపి తెలుగులో మాటలాడుడు. రాకెట్టు పడిపోవు చోట ఆపి బరువు సంగతి అడుగుడు; చంద్రునిమీద మొదటి పాట రాగానే ఆపి గాలి సంగతి అడుగుడు. బదులు తప్పినను వెంటనే దిద్దకుడు. బల్లకు చెవి ఆనించు పరీక్ష ఉండనే యున్నది. వీలైనచో పూర్ణిమ దగ్గరి రోజులలో చూచి, పిమ్మట మేడమీదికి పోయి కుందేలును వెదకవచ్చును. ఈ ఊరి దీపాలకు నక్షత్రములు కనబడకున్నను చంద్రుడు కనబడును. తల్లి మరణము చిత్రము మొదటి భాగములోనే వచ్చును. కావున పిల్లలను ఫోను ముందు ఒంటరిగా కూర్చుండబెట్టి పనులలోనికి పోక, ఆ మొదటి పావుగంటయైనను పెద్దవారు ఒకరు వారి ప్రక్కన ఉండవలెనని నా మనవి.